చెరువుకట్ట కథలో మనసును చూచిన కట్టమంచి

ఉగాది సంచికలో ఏటేటా ఒక మహనీయుని జీవితమును తలచుకొనుట మంచి ఆచారము. ఈ ఏడు ఆ భారమును సంఘపు పెద్దలు మా మీద పెట్టినారు. మేము పండితులము కాము. పదవ తరగతితో చదువు చాలించి, రైల్వేలో గుమాస్తాగా చేరి, ధర్మవరం వైపు నుండి పొట్ట చేతబట్టుకొని చిక్కబళ్ళాపురం వచ్చినవాళ్లము. టిక్కెట్లు, రసీదులు, నెలాఖరు లెక్కలు, ఇంతవరకే మా విద్య. కాబట్టి చదువరులు తప్పులను మన్నించి, ఇందులో సారమేమైన ఉంటే గ్రహింతురు గాక.

మేము ఎన్నుకొన్న మహనీయుడు కట్టమంచి రామలింగారెడ్డిగారు. సర్ సి. ఆర్. రెడ్డి అంటే ఇంకా ఎక్కువ మందికి తెలియును. అంత పెద్దవారి జోలికి ఈ గుమాస్తా ఎందుకు పోయినాడని అడుగవచ్చును. దానికి కారణము మా ఇంటి పిల్ల వేసిన ఒక ప్రశ్న.

2021 నవంబరులో కురిసిన వానలు మనకందరికీ జ్ఞాపకమే. ఏండ్ల తరబడి నెర్రెలు విచ్చి ఉన్న చెరువులు ఈ జిల్లాలో నిండినవి, మరవలు పారినవి. జనము జాతరకు పోయినట్లు కట్టల మీదికి పోయి నీళ్లను చూచి వచ్చినారు. మేమును మా అమ్మను, తొమ్మిదేండ్ల మా అమ్మాయిని తీసుకొని పోయినాము. కట్ట మీద నిలబడి మా అమ్మ మనుమరాలికి ముసలమ్మ కథ చెప్పినది. అనంతపురము పక్కన బుక్కరాయసముద్రము చెరువుకు గండి పడబోయినప్పుడు, బసిరెడ్డి చిన్న కోడలు ముసలమ్మ తన ప్రాణమిచ్చి ఊరిని కాపాడిన కథ అది. ఆ కట్టను నేటికీ ముసలమ్మ కట్ట అనే పిలుస్తారు. కథ అంతా విని మా అమ్మాయి, చెరువుకు పెద్దరెడ్డి ఎందుకు పోలేదు, చిన్న కోడలే ఎందుకు పోవలసి వచ్చినది అని అడిగినది. మా అమ్మ నోరు కదపలేదు. మాకూ జవాబు తోచలేదు.

ఆ జవాబు వెదకుచు పోగా తగిలినవారే రామలింగారెడ్డిగారు. ముసలమ్మ కథను తెలుగు కావ్యముగా వ్రాసినది ఆయనే. అదియు చదువుకొనే వయసులో వ్రాసినారు.

ఆయన 1880 డిసెంబరు 10వ తేదీన చిత్తూరు చెంతనున్న కట్టమంచిలో జన్మించినారు. ఆ ఊరు ఇప్పుడు చిత్తూరు పట్టణములోనే కలిసిపోయినది. చిత్తూరు జిల్లా అనేది అప్పటికి లేదు, అది 1911లో ఏర్పడినది. తండ్రి సుబ్రహ్మణ్యరెడ్డిగారు. సేద్యము, చదువు రెండూ కలిగిన ఇల్లు. చిత్తూరులో బడిచదువు ముగించి రెడ్డిగారు మద్రాసు క్రిస్టియన్ కాలేజీలో చేరినారు. అక్కడ తత్త్వశాస్త్రము, చరిత్ర ఆయనకు ప్రీతిపాత్రమైన విషయములు. ఆ దినములలో మన దేశపు కళాశాలలలో మనశ్శాస్త్రము వేరుగా ఉండేది కాదు, తత్త్వశాస్త్రములో ఒక భాగముగానే చెప్పేవారు. మనిషి ఎందుకు ఇట్లు తలచును, ఎందుకు ఇట్లు చేయును అన్న విచారణ ఆయనకు ఆ వయసులోనే అలవడినదని మా ఊహ.

ఆ కాలేజీలో తెలుగు విద్యార్థులకు భాషాభిరంజని అనే సమాజము ఉండేది. ఆ సమాజపు పోటీ కొరకు రెడ్డిగారు ముసలమ్మ మరణము అనే కావ్యమును వ్రాసి బహుమానము పొందినారు. పంతొమ్మిదవ శతాబ్దము ముగియుచున్న వేళ అది. అప్పటికి ఆయనకు ఇరువది ఏండ్లు నిండలేదు. కథను ఆయన కల్పించలేదు. బ్రౌను దొర సంపాదించి అచ్చువేయించిన అనంతపుర చరిత్రలో అది ఉన్నది. పురాణములలోని రాజులను, అప్సరసలను విడిచి, ఒక పల్లెటూరి రెడ్డి ఇంటి కోడలిని కావ్యనాయికగా నిలుపుట ఆనాటికి సాహసమే. కావ్యము దుఃఖాంతమగుట మరియొక సాహసము.

అందులో చూడవలసిన విశేషమొకటి ఉన్నది. ఊరివారు చెప్పుకొనే కథలో ముఖ్యమైనది దైవవాక్యము. బలి ఇస్తే కట్ట నిలుచును, ఇవ్వకపోతే తెగును, అంతే. రెడ్డిగారి కావ్యములో ముఖ్యమైనది ముసలమ్మ మనసు. పేరుకు ముసలమ్మయే గాని వయసులో చిన్నది. భర్త మీద మమత, అత్తమామల మీద గౌరవము, ఊరి మీద జాలి, వీటి నడుమ ఆ యిల్లాలు నిలిచి, తానుగా ఒక నిశ్చయమునకు వచ్చును. దేవత ఆకలి కథగా ఉన్నదానిని ఆయన మనిషి నిశ్చయపు కథగా మార్చినారు.

ఇచ్చట కొంచెము పక్కకు పోయి ఒక మాట చెప్పవలెను. మన పిల్లలు బడిలో కన్నడము చదువుదురు. కెరెగె హార అనే కన్నడ జానపద గీతము వారికి తెలియును. అందులో కల్లనకేరి మల్లనగౌడుడు చెరువు త్రవ్వించగా నీరు పడదు. చిన్న కోడలు భాగీరథిని బలి ఇచ్చిన మీదట నీరు వచ్చును. దండులో ఉన్న భర్త తిరిగి వచ్చి, సంగతి తెలిసికొని, తానును ఆ చెరువులోనే పడి ప్రాణము విడుచును. తెలుగు కథలో నీరు ఎక్కువై ప్రమాదము, కన్నడ కథలో నీరు లేక ప్రమాదము. బలి మాత్రము రెండింటనూ చిన్న కోడలే. ఇంకా వింత వినుడు. ఐరోపాలో సెర్బియావారి పాత పాటలో, స్కదర్ కోట గోడ ఎంత కట్టినా నిలువకపోగా, ముగ్గురు అన్నదమ్ములలో చిన్నవాని భార్యను గోడలో పెట్టి కట్టినట్లున్నది. ఆ పాట పాడినవారు మన చెరువును చూడలేదు, మనము వారి కోటను చూడలేదు. అయినా కథ ఒక్కటే.

ఇట్లెందుకు జరుగునని విద్వాంసులు చాలా యోచించినారు. వియన్నా నగరపు వైద్యుడు ఫ్రాయిడ్ కలలను గురించి వ్రాసిన గ్రంథము 1899 చివర వెలువడినది, దాని మీద 1900 అని అచ్చైనది. ముసలమ్మ మరణము పుట్టిన కాలమూ అదే. ఆ రెండింటికీ సంబంధమేమియు లేదు. కాని రెండు చోట్లా ఒకే గాలి వీచినది. కలయైనా కథయైనా దానిలో మనసు దాగియున్నది, దానిని చదువవచ్చును అనునదే ఆ గాలి. తరువాత యూంగ్ అనే మరియొక వైద్యుడు, లోకములోని పురాణకథలు ఒకదానినొకటి పోలియుండుటకు మానవుల మనసులో అడుగున ఉన్న సమానత్వమే కారణమని వాదించినాడు. రెడ్డిగారు వీరి శిష్యులు కారు. ఆయన దారి ఆయనది.

ఇక జీవితకథకు వత్తము. కాలేజీ చదువు ముగిసిన పిమ్మట ప్రభుత్వపు విద్యార్థి వేతనముతో ఆయన ఇంగ్లండు వెళ్లి, కేంబ్రిడ్జిలో సెయింట్ జాన్స్ కళాశాలలో చరిత్ర చదివినారు. వాగ్ధాటిలో ఆయన దిట్ట. 1906లో కేంబ్రిడ్జి యూనియన్ అనే ప్రసిద్ధ వాదసభకు ఉపాధ్యక్షులైనారు. ఆ పదవికి ఎన్నికైన మొదటి భారతీయుడు ఆయనే. స్వదేశమునకు వచ్చి, గాయక్వాడు మహారాజు ఆదరణతో బరోడా కళాశాలలో, అంతకు ముందు అరవిందులు నిర్వహించిన వైస్ ప్రిన్సిపాలు పదవిలో కొంతకాలము పనిచేసినారు. అటుపిమ్మట మైసూరు చేరినారు.

మనకు ముఖ్యమైన భాగము ఇక్కడ మొదలగును. మైసూరు మహారాజా కళాశాలలో ఆచార్యులుగా ఉన్న కాలములోనే, 1914లో ఆయన కవిత్వతత్త్వ విచారము అనే గ్రంథము వెలువడినది. ఆధునిక తెలుగు సాహిత్య విమర్శకు పునాది వేసిన గ్రంథములలో ఇది ఒకటి. తెలుగుదేశము విడిచి, కన్నడ సీమలో ఉద్యోగము చేసికొనుచున్న మనిషి చేతి పని అది. పరాయి చోట ఉన్నాము, మన భాష ఇక ఎక్కడ నిలుచునని నిట్టూర్చు మనవంటి వారు ఈ సంగతిని గుర్తుంచుకొనవలెను.

ఆ గ్రంథములో ఆయన ముఖ్యముగా పరిశీలించినది పింగళి సూరన కళాపూర్ణోదయము. సూరన పదునారవ శతాబ్దపు కవి, కావ్యమును నంద్యాల కృష్ణమరాజుకు అంకితమిచ్చినాడు. అందులో కథ మహా చిక్కు. బ్రహ్మ సరస్వతికి ఒక కథ చెప్పును, ఆ చెప్పిన కథ భూమి మీద మనుషుల జీవితముగా నడుచును. కలభాషిణి నలకూబరుని కోరి రంభ రూపము ధరించును. మణికంధరుడు నలకూబరుని రూపము ధరించి ఆమెను కలియును. ఇరువురికీ ఎదుటివారు మాయ అని తెలియదు. పిమ్మట నిజమైన రంభ వచ్చి నిలుచును. చదివి మేము నవ్వుకొన్నాము, పిదప ఆలోచనలో పడినాము. ప్రేమ కొరకు మనిషి తాను కానివానివలె నటించుట నేడు మాత్రము లేదా?

అందులోనే సుగాత్రి, శాలీనుల కథ ఉన్నది. నగలు పెట్టుకొని, అలంకరించుకొని వచ్చిన భార్యను చూచి శాలీనుడు సిగ్గుపడి ముఖము తిప్పుకొనును. అతడు తోటపనికి పోగా, ఆమె నగలు తీసి పక్కన పెట్టి, అతనితోబాటు పనిచేయును. అప్పుడు అతనికి ఆమె మీద ప్రేమ కలుగును. ద్రాక్షతోటలలో, బంగాళాదుంప మళ్ళలో ఆలుమగలు కలిసి పనిచేయు మన సీమవారికి ఈ కథను విప్పి చెప్పనక్కర లేదు.

ఇట్టి కావ్యమును రెడ్డిగారు పైకెత్తి చూపినారు. కవిత్వమునకు ప్రాణము భావనాశక్తి అని, కథాంగములన్నీ ఒక్క శరీరములో అవయవములవలె పొందికగా ఉండవలెనని, పాత్రల స్వభావము సజీవముగా మన యెదుట నిలువవలెనని ఆయన వాదము. వర్ణన మీద వర్ణన పేర్చి కథను ఆపివేసే ప్రబంధములను ఆయన మెచ్చలేదు. శబ్దాడంబరమును కవిత్వమనుకొను అలవాటును గట్టిగా ఖండించినారు.

పండితులు ఊరకుండలేదు. మన కవులను ఇంగ్లీషువారి కొలతతో కొలుచుట అన్యాయమని వారు ఎదిరించినారు, ఖండన గ్రంథములు వ్రాసినారు. వారి మాటలోనూ కొంత నిజము లేకపోలేదు. తూకపు యంత్రము సరిగా ఉన్నదో లేదో చూడకుండా సరకు బరువు వ్రాసికొన్న గుమాస్తా చిక్కులో పడును, ఈ సంగతి మాకు అనుభవమే. రెడ్డిగారి కొలతలు కొన్ని పడమటి నుండి వచ్చినవి. అవి మన ప్రబంధములకు అన్ని చోట్లా సరిపోకపోవచ్చును. అయితే, కావ్యమును కొలువవచ్చును, ప్రశ్నించవచ్చును, ప్రశ్నించినంత మాత్రాన కవికి అవమానము లేదు అను ధైర్యమును ఆయన తెలుగువారికి ఇచ్చినారు. ఆయనను ఖండించినవారు సైతము ఆ ధైర్యముతోనే ఖండించినారు.

రెడ్డిగారి మైసూరు ఉద్యోగములో చాలా భాగము మోక్షగుండం విశ్వేశ్వరయ్యగారి దివానుగిరిలో గడిచినది. విశ్వేశ్వరయ్యగారు మన చిక్కబళ్ళాపురం దగ్గరి ముద్దేనహళ్ళిలో పుట్టినవారు, ఇంటి భాష తెలుగు. 1912 నుండి 1918 వరకు ఆయన దివానుగా ఉన్నారు. 1916లో మైసూరు విశ్వవిద్యాలయము ఆ కాలములోనే స్థాపితమైనది. రెడ్డిగారు 1916 నుండి 1918 వరకు మహారాజా కళాశాల ప్రిన్సిపాలుగా ఉండి, 1918లో మైసూరు సంస్థానమంతటికీ విద్యాశాఖాధికారి అయినారు. చిక్కబళ్ళాపురం, బాగేపల్లి, చింతామణి తాలూకాలు అప్పుడు ఆ సంస్థానపు కోలారు జిల్లాలోనివి. 2007లో చిక్కబళ్ళాపురం జిల్లా వేరుపడువరకు అట్లే ఉండినవి. అంటే మన తాతల కాలపు ఈ బడులన్నీ మూడేండ్లపాటు రెడ్డిగారి అజమాయిషీలో నడిచినవి.

ఆ మూడేండ్లలో ఆయన పట్టుదలతో చేసిన పని, అంటరానివారని దూరము పెట్టిన పిల్లలకు సర్కారు బడుల తలుపులు తెరిపించుట. దానికి ఎదురు లేకపోలేదు, ఆయన లెక్కచేయలేదు. ఊరి క్షేమము పేరు చెప్పి ఎవరో ఒకరిని బలిపెట్టుట ఎంత పాత అలవాటో ముసలమ్మ కథ వ్రాసినవానికి తెలియకుండునా అని మాకనిపించును. ఆయన అట్లు తలచినారో లేదో గాని, చదువరికి ఆ రెండు పనులూ ఒక్క మనసు నుండి వచ్చినట్లే తోచును.

1921లో ఆ ఉద్యోగమునకు రాజీనామా ఇచ్చి రాజకీయములలో ప్రవేశించినారు. జస్టిస్ పక్షములో ఉండి, పిదప విడిపోయి, 1923లో మద్రాసు శాసనసభలో పానగల్ రాజాగారి మంత్రివర్గము మీద అవిశ్వాస తీర్మానము ప్రతిపాదించినారు. అది నెగ్గలేదు. 1926లో ఆంధ్ర విశ్వకళా పరిషత్తు ఏర్పడగా దానికి మొదటి ఉపాధ్యక్షులైనారు. 1930లో ఉప్పు సత్యాగ్రహపు రోజులలో ప్రభుత్వపు దమననీతికి నిరసనగా ఆ పదవిని వదలుకొన్నారు. అటుతరువాత రాధాకృష్ణన్‌గారు 1931 నుండి 1936 వరకు ఆ స్థానములో ఉన్నారు. 1936లో రెడ్డిగారు మరల వచ్చి 1949 వరకు పరిషత్తును నడిపినారు. యుద్ధకాలములో విశాఖపట్టణము నుండి గుంటూరుకు తరలిపోయిన విద్యాలయమును మరల వాల్తేరు చేర్చిన బరువు కూడా ఆయన కాలముదే. ప్రభుత్వము సర్ బిరుదమిచ్చినది. ఆయన వివాహము చేసికొనలేదు. చివరకు మైసూరు విశ్వవిద్యాలయము ఆయనను ప్రో ఛాన్సలరుగా పిలుచుకొన్నది. 1951 ఫిబ్రవరి 24వ తేదీన ఆయన కాలధర్మము చెందినారు.

ఇదంతయు మా అమ్మాయికి కొంచెము కొంచెముగా చెప్పినాము. ముసలమ్మ తానుగా నిశ్చయించుకొని పోయినదని, ఎవరూ తోయలేదని, అదే కావ్యపు గొప్పతనమని చెప్పినాము. పిల్ల ఒప్పుకొనలేదు. ఊరంతా చూచుచుండగా నీవే పోవలెనని దేవత పేరు పెట్టి చెప్పిన తరువాత, అది తానుగా పోవుట ఎట్లగునని అడిగినది. మేము సిగ్గుపడినాము. రెడ్డిగారి కావ్యము ముసలమ్మ మనసును చూపినది. పక్కన నిలబడి చూచిన ఊరివారి మనసును అడుగుట మనకు మిగిలియున్నది.

అప్పుడు మాకు కైవారము జ్ఞాపకము వచ్చినది. చింతామణి తాలూకాలోని ఆ ఊరు మన తాతయ్య, యోగి నారేయణుల వలన అందరికీ తెలిసినదే. భారతములోని ఏకచక్రపురము అదేనని, బకాసురుడు ఆ కొండలోనే ఉండెనని అక్కడివారు చెప్పుకొందురు. ఆ కథయు బలి కథయే. దినమునకొక ఇంటి నుండి ఒక మనిషి పోవలెను. వంతు వచ్చిన బ్రాహ్మణుని ఇంట తండ్రి నేను పోదుననును, తల్లి నేననును, కూతురు నేననును. పసివాడు సైతము గడ్డిపరక పట్టుకొని రాక్షసుని చంపెదననును. పేరు పెట్టి ఒకరిని తోయలేదు. ఆ యింట తలదాచుకొన్న కుంతి తన కొడుకు భీముని పంపినది. బలికి అంతటితో ముగింపైనది.

ఈ కథ విని మా అమ్మాయి, కుంతి తన కొడుకునే పంపినది గాని పరులింటి కోడలిని పంపలేదు గదా, అదే బాగున్నదని అన్నది. పైగా కుంతీ పాండవులు ఆ ఊరివారు కారు, మనవలె వచ్చి ఉన్నవారే గదా అన్నది. ఈ మాట మాకు తట్టలేదు. వలస వచ్చిన కుటుంబము తాను నిలిచిన ఊరి కష్టమును తన కష్టముగా తలచిన కథ మన చింతామణి కొండలోనే ఉన్నది.

చదువరులారా, ఇండ్లలో అవ్వలు ఉన్నంతవరకే ఈ కథలు. ఈ ఉగాది నాడు ఒబ్బట్టు తిన్న పిమ్మట, పిల్లలను కూర్చోబెట్టి, మీ ఊరి చెరువు కథయో, కొండ కథయో ఒకటి తెలుగులో చెప్పించండి. పిల్లలు ప్రశ్న వేస్తే కసరకండి. జవాబు తెలియకపోతే తెలియదనండి, మేమును అంతే చేసినాము. వేపపూత చేదును కూడ నోట పెట్టుకొనియే గదా మనము సంవత్సరమును మొదలు పెట్టునది.

అందరికీ మా ఉగాది శుభాకాంక్షలు.